నాలుగు గోడల మధ్య షార్ట్ ఫిల్మ్: ముందు బొగ్గుముక్క ఎక్కడుందో చూడండి

మీ ప్రశ్నా, దాంతోపాటు పెట్టిన స్క్రిప్టూ రెండూ చదివాను. మిగతావాళ్ళకీ తెలియాలి కాబట్టి టూకీగా కథ ఇదీ: ఒక చిత్రకారుణ్ణి గదిలో బంధిస్తారు. ఎవరు, ఎందుకు అన్నది చెప్పరు. నాలుగు నిమిషాల పాటు అరుస్తాడు, తలుపు బాదుతాడు, అద్దం పగలగొడతాడు. తెగిన చేతి నెత్తురుతో గోడ మీద బొమ్మ వేస్తాడు. చివర్లో తలుపు తెరుచుకుంటుంది, తెల్లటి వెలుగు. మొత్తం 12 నిమిషాలు, డైలాగుల్లేవు. "నిర్బంధంలోంచి సృజన పుడుతుందన్నది నా పాయింట్. ఫ్రెండ్స్‌కి చెప్తే ఏమీ అనిపించలేదంటున్నారు. ప్రయోగాత్మకం కాబట్టి వాళ్ళకి అర్థం కాలేదా, నాలోనే ఏదైనా లోపముందా?" అని అడిగారు.

ఇరవై ఏళ్ళుగా ఎడిటింగ్ చేస్తున్నాను. ఇలాంటి గది సినిమాలు నా టైమ్‌లైన్ మీదకి చాలానే వచ్చాయి. మీ ఫ్రెండ్స్‌కి అర్థం కాకపోవడం కాదు, బాగా అర్థమైంది. అద్దం పగలడం, నెత్తురు, చివర్లో వెలుగు... ఇవన్నీ వాళ్ళు ఇంతకుముందు చూసేసినవే. అందుకే ఏమీ అనిపించలేదు. మీ సబ్జెక్టు మంచిది. లోటల్లా ఒక్కటే, మీ గదిలో వస్తువుల్లేవు. అతనికి ఏం లేకుండా చేశారో మీరు చెప్పారు. ఏం మిగిలిందో చెప్పలేదు. సృజన పుట్టేది ఆ మిగిలినదాన్లోంచి.

దాశరథి కృష్ణమాచార్య సంగతి మనలో చాలామంది వినే ఉంటాం. నిజాం పాలన చివరి రోజుల్లో ఆయన నిజామాబాద్ జైల్లో ఉన్నారు. రచయిత వట్టికోట ఆళ్వారుస్వామి కూడా అక్కడే ఉన్నారు. కాగితం లేదు, కలం లేదు. పళ్ళు తోముకోవడానికని బొగ్గు ఇచ్చేవారు. ఆ బొగ్గుతోనే ఆయన జైలు గోడ మీద పద్యం రాశారు. నిజామును పిశాచమని పిలిచి, తెలంగాణను కోటి రత్నాల వీణ అన్న పద్యం అది.

మామూలుగా ఈ కథ చెప్పేవాళ్ళు ఆయన ధైర్యం దగ్గర ఆగిపోతారు. ధైర్యం నిజమే. సినిమా తీసేవాడిగా మీరు ఇంకొంచెం దగ్గరికి వెళ్ళి చూడాలి. ముందు బొగ్గు. అది జైలువాళ్ళే ఇచ్చింది. పళ్ళకోసం ఇచ్చింది. అంటే ఆ రోజు పళ్ళు తోముకోవడానికి కొంచెం తక్కువ వాడి ఉంటారు కదా? ఆ లెక్క ఒక షాట్. తర్వాత గోడ. గరుకు గోడ మీద బొగ్గు త్వరగా అరుగుతుంది, కాబట్టి ఎక్కువ రాయడానికి ఉండదు. ఇప్పుడు పద్యాన్ని చూడండి. అది తేటగీతి, నాలుగే పాదాలు. బొగ్గు అయిపోయేలోపు పూర్తవుతుంది. ఎవరైనా వచ్చి గోడ తుడిచేసినా పక్కనున్నవాడి నోట్లో బతికే ఉంటుంది, ఎందుకంటే ఛందస్సుంది, యతి ఉంది, ఒక్కసారి పట్టుబడితే మరిచిపోలేం. వచనంలో రెండు పేజీలు రాసి ఉంటే గోడతోపాటే పోయేది. గదిలో ఏముందో దానికి తగ్గ రూపం దొరికిందన్నమాట. మీ సినిమాలో నేను వెతికి, దొరక్క నిరాశపడింది దీనికోసమే.

ఇలాంటిదే ఇంకొకటి, కెన్యాలో. నవలా రచయిత ఎన్‌గూగీ వా థియోంగోని 1977 డిసెంబరులో పట్టుకెళ్ళి విచారణ లేకుండా కమీటీ జైల్లో పెట్టారు. ఏడాది పాటు ఉన్నారు. అక్కడ టాయిలెట్ పేపర్ మీద గికూయూ భాషలో నవల రాశారు. ఆ పేపర్ ఎంత గరుకుగా ఉండేదంటే ఒంటికి హింస, కలానికి మాత్రం బాగా కుదిరింది. ఖైదీని కష్టపెట్టే గుణమే రాతకి పనికొచ్చింది. ఆ నవలని తర్వాత వరవరరావు తానూ జైల్లో ఉండగానే తెలుగు చేశారు. ఒక జైల్లో పుట్టిన పుస్తకం ఇంకో జైల్లో మన భాషలోకి వచ్చింది. నాకు ఈ సంగతి గుర్తొచ్చినప్పుడల్లా ఒళ్ళు జలదరిస్తుంది.

ఇక సినిమా దగ్గరికి వస్తాను. మీరు తప్పకుండా చూడాల్సింది ఇరాన్ దర్శకుడు జాఫర్ పనాహీ 2011లో చేసిన 'ఇది సినిమా కాదు'. అది షార్ట్ ఫిల్మ్ కాదు, గంటకు పైగా ఉంటుంది. అయినా మీ సబ్జెక్టుకి అంతకంటే మంచి పాఠం నాకు తెలియదు. 2010 డిసెంబరులో ఆయనకి ఆరేళ్ళ జైలు, 20 ఏళ్ళ నిషేధం వేశారు. డైరెక్ట్ చేయకూడదు, స్క్రిప్టు రాయకూడదు, దేశం దాటకూడదు, ఇంటర్వ్యూ ఇవ్వకూడదు. అప్పీలు తీర్పు కోసం చూస్తూ టెహ్రాన్‌లో తన ఫ్లాట్‌లోనే ఉండిపోయాడు.

అప్పుడాయన చేసిన మొదటి పని ఏమిటో గమనించండి. తలుపు బాదలేదు. ఆ తీర్పులో ఏం రాశారు, ఏం రాయలేదు అని చూసుకున్నాడు. డైరెక్ట్ చేయొద్దన్నారు, రాయొద్దన్నారు. నటించొద్దని రాయలేదు. ముందే రాసిన స్క్రిప్టుని పైకి చదవొద్దని రాయలేదు. అందుకని స్నేహితుడు మొజ్తబా మీర్తహ్మాస్బ్‌ని పిలిచి కెమెరా అతని చేతికిచ్చాడు. తను హాల్లో కార్పెట్ మీద కూర్చుని, తీయనివ్వని తన సినిమా కథ చదవడం మొదలెట్టాడు. ఆ కథ ఏమిటంటే, చదువుకోవడానికి సీటొచ్చిన ఒక అమ్మాయిని తల్లిదండ్రులు ఇంట్లో పెట్టి తాళం వేయడం. చదువుతూ చదువుతూ టేపు తెచ్చి కార్పెట్ మీద గీతలు అతికిస్తాడు. ఇది గది, ఇది కిటికీ, ఇక్కడ మంచం, కెమెరా ఇక్కడుంటుంది అని. ఇంట్లో బందీ అయిన మనిషి ఇంకో బందీకి కార్పెట్ మీద గది కడుతున్నాడు. కాసేపటికి మనకే ఆ టేపు గీత దాటుతుంటే గోడ దాటుతున్నట్టు అనిపిస్తుంది.

అంతలో ఆయన ఆగిపోతాడు. నోటితో చెప్పేస్తే సరిపోయేదైతే సినిమా తీయడం ఎందుకు అన్న ప్రశ్న వస్తుంది, గొంతు పట్టేస్తుంది, లేచి వెళ్ళిపోతాడు. మీ స్క్రిప్టులో లేని క్షణం ఇదే. మీ చిత్రకారుడు నెత్తురుతో బొమ్మ మొదలెడితే అది ఆగకుండా పూర్తయిపోతుంది, బాగా కూడా వస్తుంది. పనాహీ దగ్గర ఆ పద్ధతి పనిచేయలేదు. పనిచేయకపోవడం కెమెరాలో ఉంది. అది చూశాకే మిగతాదంతా నమ్ముతాం.

ఇంకో చిన్న సంగతి. ఒకచోట ఆయన అలవాటుకొద్దీ "కట్" అంటాడు. నువ్వు డైరెక్ట్ చేయకూడదు, అది నేరం అంటాడు మీర్తహ్మాస్బ్. కెమెరా ఆగదు. నాకు ఆ సినిమా మొత్తంలో నిర్బంధం అంటే ఏమిటో తెలిసింది అక్కడ. తాళం, కటకటాలు ఏమీ కనపడవు. ఒక దర్శకుడి నోట్లోంచి వచ్చిన అతి మామూలు మాటకి విలువ లేకుండా పోయింది. చివర్లో చెత్త తీసుకెళ్ళే కుర్రాడితో లిఫ్ట్‌లో కిందికి వెళ్తాడు, కెమెరా తన చేతిలోనే ఉంటుంది. బయట పండగ మంటలు, టపాకాయల మోత. గేటు దగ్గర ఆగిపోవాలి. మీరు రాసుకున్న తెల్లటి వెలుగుతో పోల్చి చూడండి, ఆ గేటు ఎంత బరువుగా ఉందో.

'ప్రయోగాత్మకం' అన్న మాట గురించి కూడా చెప్పాలి. అర్థం కాకపోవడమే ప్రయోగం అనుకునేవాళ్ళు చాలామంది ఉన్నారు. ప్రయోగాత్మక సినిమాలకి పేరుపడ్డ దర్శకురాలు మాయా డెరెన్ 1943లో భర్త అలెగ్జాండర్ హామిద్‌తో కలిసి లాస్ ఏంజెలెస్‌లో తమ ఇంట్లోనే 16 ఎంఎం కెమెరాతో 'మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్' అనే సినిమా తీసింది. సుమారు 14 నిమిషాలు. ఒక తాళంచెవి, ఒక కత్తి, ఒక పువ్వు, ఫోను, మెట్లు, అంతే. అవే వస్తువులు మళ్ళీ మళ్ళీ వస్తాయి, వచ్చిన ప్రతిసారీ కాస్త చోటు మారతాయి. ఏ వస్తువు ఎక్కడుందో చూసేవాడికి కచ్చితంగా తెలుసు కాబట్టే అది చోటు మారినప్పుడు గుండె ఝల్లుమంటుంది. వస్తువులు తెలియకపోతే ఝల్లుమనడానికి ఏముంటుంది?

నా సొంత అనుభవం ఒకటి చెప్తాను, ఎందుకంటే మీరు చేసిన తప్పు నేనూ చేశాను. 2020 మార్చి 25న లాక్‌డౌన్ మొదలయ్యేనాటికి నేను హైదరాబాద్ కృష్ణానగర్‌లో మూడో అంతస్తులో అద్దె గదిలో ఉన్నాను. పనులన్నీ ఆగిపోయాయి. ఫోన్‌తో ఒక షార్ట్ ఫిల్మ్ మొదలెట్టాను. కిటికీ ఊచలు, ఖాళీ రోడ్డు, పావురాలు, నా మొహం క్లోజప్, వెనక పియానో. తొమ్మిది నిమిషాలు వచ్చింది. సౌండ్ చేసే ఒక పెద్దాయనకి పంపిస్తే, "ఇది నీ గది కాదు నాయనా, ఎవరి గదైనా ఇంతే కదా" అన్నారు. రెండు రోజులు కోపం తగ్గలేదు. తర్వాత ఆయన మాటే నిజమనిపించింది.

అప్పుడు ఫోన్ పక్కన పెట్టి నోట్‌బుక్‌లో రాయడం మొదలెట్టాను. గదిలో ఏముంది, ఏ టైముకి ఏం వినిపిస్తోంది. పొద్దున ఆరింటికి నీళ్ళ మోటారు. పైవాళ్ళు మంచం జరిపే చప్పుడు. పదకొండింటికి ఎవరింట్లోనో మూడు కుక్కర్ విజిల్స్. మొదటి వారం రాసినవన్నీ పనికిరానివే. పదకొండో రోజు మధ్యాహ్నం మూడుంపావు దాటాక ఒకటి కనపడింది. కిటికీ ముందునుంచి కేబుల్ వైర్లు వెళ్తుంటాయి కదా, ఆ వైర్ల నీడలు ఎదురుగోడ మీద పడ్డాయి. వెల్లవేసిన గోడ. ఐదు గీతలు, రూళ్ళ కాగితంలాగా. సుమారు నలభై నిమిషాలుంటాయి, మెల్లగా వాలిపోతూ మాయమవుతాయి. ఆ గదిలో రెండేళ్ళుగా ఉంటున్నాను. మూడుంపావుకి ఇంట్లో ఎప్పుడూ లేను కాబట్టి ఒక్కసారీ చూడలేదు.

మర్నాడు గీతలు పడేసరికి ఒక పాత బ్రష్, చెంబుడు నీళ్ళు సిద్ధంగా పెట్టుకున్నాను. సున్నం గోడ మీద తడి బ్రష్‌తో రాస్తే అక్షరం ముదురు రంగులో కనిపిస్తుంది, ఎండలో నిమిషం లోపే ఆరిపోతుంది. ఏం రాయాలి? చేతికి వచ్చినవి మా యూనిట్‌లో రోజుకూలీ మీద పనిచేసే లైట్‌మెన్ పేర్లు. ఆ వారం వాళ్ళింట్లో ఏం వండుకుంటున్నారో తెలియదు. ఒక్కో గీత మీద ఒక్కో పేరు రాశాను. ఐదో పేరు రాసేసరికి మొదటి పేరు ఆరిపోతోంది. మళ్ళీ మొదటికి వెళ్ళేవాణ్ణి. ఈలోగా గీతలు వాలిపోతుంటే నా రాత కూడా వాటితోపాటు వాలింది. ఫోన్ ట్రైపాడ్ మీద ఉంది, ఒకటే షాట్. చివరికి గీతలు పోయాయి, ఒక పేరు సగం తడిగా మిగిలింది. ఆ పాత తొమ్మిది నిమిషాలు డిలీట్ చేశాను.

దీంట్లో నా గొప్పేమీ లేదు. వైర్లు అక్కడే ఉన్నాయి, ఎండ అక్కడే ఉంది. పదకొండు రోజులు ఏమీ దొరకకుండా కూర్చోవడమే నేను చేసింది. మీ స్క్రిప్టులో ఆ పదకొండు రోజులు లేవు. విసుగు లేకుండా సృజన చూపిస్తే అది మ్యాజిక్ ట్రిక్ అవుతుంది.

ఇంకో విషయం మీతో గట్టిగా చెప్పాలి. "నిర్బంధంలోంచి సృజన పుడుతుంది" అన్న వాక్యం మీరు రాసిన తీరు నాకు ఇబ్బందిగా ఉంది. అలా అంటే నిర్బంధం ఏదో మేలు చేసినట్టు వినిపిస్తుంది. అమలాపురం ప్రాంతం నుంచి ఢిల్లీ యూనివర్సిటీ దాకా వెళ్ళిన ప్రొఫెసర్ జి.ఎన్. సాయిబాబా వీల్‌చైర్‌లో ఉండే మనిషి. నాగపూర్ సెంట్రల్ జైల్లోని అండా సెల్‌లో (గుడ్డు ఆకారంలో కట్టిన ఒంటరి గదుల్లో) ఏళ్ళ తరబడి ఉన్నారు. అక్కడినుంచి కవితలు రాశారు. 2024 మార్చిలో బాంబే హైకోర్టు నిర్దోషి అంది, అదే ఏడాది అక్టోబరులో హైదరాబాద్‌లో చనిపోయారు. ఆ కవితలకి జైలుకి థాంక్స్ చెప్పగలమా? ఆయన బయట ఉంటే ఇంకెన్ని రాసేవారో ఎవరికి తెలుసు. జైలుకి వెళ్ళి ఒక్క అక్షరం రాయలేకపోయినవాళ్ళు ఎన్ని వేలమందో మనకి లెక్కే లేదు. కాబట్టి మీ సినిమా గదిని పొగడకూడదు. గది తీసుకున్నది తీసుకున్నట్టు కనిపించాలి, మనిషి దాన్లోంచి లాక్కున్నది చిన్నదైనా విడిగా కనిపించాలి. మీ చిత్రకారుడి నెత్తురు బొమ్మ నాకు నచ్చకపోవడానికి అసలు కారణం ఇదే. గాయాన్ని అందంగా చూపిస్తోంది.

ఇప్పుడు షూటింగ్ విషయాలు. కెమెరా కూడా ఖైదీయే అనుకోండి. గోడ తీసేసి వెనక్కి వెళ్ళి వైడ్ షాట్ పెట్టొద్దు. లొకేషన్‌గా నిజం గదే తీసుకోండి, 10 బై 12 అడుగులు చాలు. ఒకటే లెన్స్ వాడండి. ఎక్కడా వెనక్కి జరగడానికి లేక మీరు పడే అవస్థ ఫ్రేమ్‌లోకి దానంతటదే వస్తుంది. పైనుంచి టాప్ యాంగిల్ కావాలని రాశారు, అది తీసేయండి. పైకప్పు మీద ఎవరు కూర్చుని చూస్తున్నారు? ఫోన్‌తో తీస్తే ఎక్స్‌పోజర్ (వెలుతురు), వైట్ బ్యాలెన్స్ (రంగు) రెండూ మారకుండా లాక్ చేయండి, లేదంటే ఎండ జరిగినప్పుడల్లా ఫోనే సరిచేసేసి మీ ఎండని చంపేస్తుంది. మన దగ్గర కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి సెకనుకి 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెట్టుకుంటే ట్యూబ్‌లైట్ కింద బొమ్మ మిణుకుమిణుకుమనే ఫ్లికర్ టెన్షన్ దాదాపు ఉండదు. ట్రైపాడ్ కాళ్ళ దగ్గర నేల మీద టేపు అతికించండి. అదే ఫ్రేమ్‌కి పొద్దున, మధ్యాహ్నం, సాయంత్రం తిరిగి రావాలి. కాలం గడిచిందని చెప్పడానికి గోడ గడియారం, క్యాలెండర్ ఏవీ అక్కర్లేదు.

సౌండ్ విషయంలో మాత్రం పిసినారితనం చూపించొద్దు. డైలాగు లేని గది సినిమాలో సగం కథ బయటే ఉంటుంది, అది చెవికే తెలుస్తుంది. ఫ్రెంచ్ దర్శకుడు రాబర్ట్ బ్రెస్సాన్ 1956లో తీసిన జైలు సినిమా 'ఎ మ్యాన్ ఎస్కేప్డ్' వెతికి చూడండి. లియోన్‌లోని మోంట్‌లూక్ జైలు నుంచి తప్పించుకున్న ఆంద్రే డెవిన్యీ రాసుకున్న అనుభవం ఆధారంగా తీసింది. బ్రెస్సాన్ కూడా యుద్ధఖైదీగా గడిపినవాడే. ఆ సినిమాలో ఖైదీ చెంచాని నేల మీద అరగదీసి ఉలి చేసుకుంటాడు, దాంతో చెక్క తలుపు పలకలు విప్పుతాడు. గంటకు పైగా మనం చూసేది ఎక్కువగా చేతులు, వినేది ఎక్కువగా బయట: బూట్ల చప్పుడు, తాళాల గుత్తి, దూరంగా రైలు. చెంచా గీరే చప్పుడు ఏ క్షణంలో ఆపాలో ఆ బూట్లే చెప్తాయి. ఆర్ఆర్‌తో, అంటే నేపథ్య సంగీతంతో, రాని టెన్షన్ అది.

మీరు షూట్ చేసే గదిలో, మనుషులందర్నీ బయటికి పంపి, ఫ్యాన్ ఆపి, కనీసం రెండు నిమిషాలు రూమ్ టోన్, అంటే ఖాళీ గదికి ఉండే చప్పుడు, రికార్డ్ చేసుకోండి. తెల్లారుజామున ఒకసారి, రాత్రి ఒకసారి. ఎడిటింగ్‌లో మీకు అన్నం పెట్టేది అదే. ఆర్ఆర్ అసలే వద్దు. మీ పాత్ర తనంతట తాను ఒక చప్పుడు పుట్టించేదాకా సినిమాలో సంగీతం అన్నదే ఉండకూడదు. ఆ చప్పుడు పళ్ళెం మీద గోటి దరువైనా సరే.

స్క్రిప్టులో నేనైతే ఏం చేస్తానంటే, అద్దం తీసేస్తాను. అరుపులు నాలుగు నిమిషాల నుంచి ఇరవై సెకన్లకి తగ్గిస్తాను, అది కూడా తలుపు అవతలినుంచి వినిపించేలా పెడతాను. అతనికి రోజూ లోపలికి వచ్చేవి ఏమిటో రాస్తాను: అన్నం, నీళ్ళు, సబ్బు, ఒక దుప్పటి. మీ రెండో పేజీలో ఒక వాక్యం ఉంది, "పళ్ళెంలో మిగిలిన పసుపు మరక వంక చూస్తాడు". మీరు దాన్ని దాటేసి వెళ్ళిపోయారు. నాకైతే మొత్తం స్క్రిప్టులో ప్రాణమున్న వాక్యం అదొక్కటే. పప్పులోని పసుపు చిత్రకారుడికి రంగు కదా! దుప్పటికి బాగా పడుతుంది. సబ్బు తగిలితే పసుపు ఎర్రగా మారుతుంది, ఇంట్లో చేసి చూడండి. అంటే అతనికి రెండు రంగులున్నాయి, రెండోది దొరికిందని అతనికి ఇంకా తెలియదు. అది తెలిసే క్షణం మీ ఏడో నిమిషం కావచ్చు. అయితే ఆ పప్పు తినకుండా దాచుకోవాలి, ఆకలి పెరుగుతుంది. దానికి అతను ఎంత తింటాడు, ఎంత దాస్తాడు అన్నది మీరే తేల్చుకోవాలి, అందులో నేను వేలు పెట్టను.

చివర తలుపు తెరవాలా వద్దా అన్నది ఇప్పుడే అనుకోకండి. ముందు మీరు షూట్ చేయబోయే గదిలో ఫోన్ లేకుండా ఒక పగలంతా కూర్చోండి, ఎండ ఎక్కడినుంచి ఎక్కడికి వెళ్తుందో, ఏ గంటకి ఏం వినిపిస్తుందో రాసుకోండి. తర్వాత దుప్పటి మీద పసుపు, సబ్బు పెట్టి ఒక టెస్ట్ షూట్ చేసి ఇక్కడ పెట్టండి. సౌండ్ తీసేయకుండా పెట్టండి, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చూస్తాను.